బయటి గడియ

ముందు గది,
మధ్యాహ్నం ఎండ తగ్గకముందే రాస్తున్నది

తమ్ముడికి,

దేవుడు నిన్నూ నీ ఊపిరితిత్తుల్నీ చల్లగా చూడాలి. దగ్గు తగ్గిందో లేదో కిందటి ఉత్తరంలో రాయలేదు. రాయలేదంటే తగ్గలేదనే నా లెక్క. వేడినీళ్లు తాగుతున్నావా? మరదలు ఉన్నన్నాళ్లూ నాకా బెంగ లేదు. ఇప్పుడు నీ సంగతి ఎవరు పట్టించుకుంటారు? ఆ నాలుగో అంతస్తులో నువ్వు జారిపడితే కింద ఉన్నవాళ్లకి వినపడుతుందా? ఈ మాట అడిగితే నీకు కోపమొస్తుందని తెలుసు. అయినా అడిగాను.

ఇక అసలు సంగతి. కంగారు పడకు. నేను పడుతున్నది ఇద్దరికీ సరిపోతుంది.

మా మందిరంలో ఆరాధన చివర పాస్టరుగారు అందర్నీ కళ్లు మూసుకోమంటారు. మనసులో భారం ఉన్నవాళ్లు చెయ్యెత్తితే వాళ్ల కోసం ప్రార్థిస్తారు. నేను ప్రతి వారం ఎత్తుతాను. భారం లేని వారం నాకెక్కడిదిరా? అందరూ తలలు దించుతున్న అలికిడి వినగానే నా చెయ్యి దానంతటదే లేస్తుంది. మొన్న ఆదివారం కూడా లేచింది. కానీ ఆ రోజు ఆయన వరస మార్చారు. నేను వినలేదు. పొయ్యి ఆర్పి వచ్చానా లేదా అని నా బుర్రంతా ఇంటి దగ్గరే ఉంది.

కళ్లు తెరిచేసరికి పాస్టరుగారు నా ముందు నిలబడి ఉన్నారు. నా రెండు చేతులూ పట్టుకున్నారు. కళ్లనిండా నీళ్లు.

"పెద్దమ్మా, ఇంతమందిలో నీ ఒక్క చెయ్యే లేచింది" అన్నారు.

దేనికి బాబూ అని అడగబోయాను. ఈలోగా ఆడవాళ్లందరూ చుట్టుముట్టారు. ఒకావిడ నా నుదుటి మీద ముద్దు పెట్టుకుంది. నా మొగుడు పోయినప్పుడు కూడా ఇంతమంది నా దగ్గరికి రాలేదు. బయటికి వచ్చాక తెలిసింది నేను దేనికి ఒప్పుకున్నానో. జైలు నుంచి ఒక మనిషి విడుదలై వస్తున్నాడు. అతనికి నా అన్నవాళ్లు లేరు. చలి మొదలయ్యేదాకా ఎవరింట్లోనైనా ఒక గది కావాలి. నేను ఇస్తానన్నానట.

అతను వడ్రంగి. తోటి పనివాడితో మాటా మాటా పెరిగి చేతిలో ఉన్న కొయ్య సుత్తితో కొట్టాడు. ఒకటే దెబ్బ. ఆ మనిషి అక్కడే పోయాడు. ఇతను నల్ల జుట్టుతో లోపలికి వెళ్లి తెల్ల జుట్టుతో వస్తున్నాడని పాస్టరుగారు చెప్పారు. పొరపాటున ఎత్తానని చెప్పడానికి నోరు రాలేదు. మీ బావ బట్టల తానులు పెట్టుకునే వెనక గది ఊడ్చి ఉంచాను.

నువ్వు మనిషంటే ఏమిటో పిల్లలకి పాఠం చెప్పి జీతం తీసుకున్నవాడివి. ఒక్క ముక్కలో చెప్పు. ఒకసారి అలాంటి పని చేసినవాడు మళ్లీ చేస్తాడా, చెయ్యడా?

నీ అక్క


నాలుగో అంతస్తు,
కిటికీ పక్క బల్ల

అక్కకు,

నీ ఉత్తరం చదివి పగలబడి నవ్వాను. పక్క వాటావాళ్లు గోడ మీద తట్టారు. రెండోసారి చదివాక నవ్వు ఆగిపోయింది.

రేపే వెళ్లి నిజం చెప్పు. పొయ్యి గురించి ఆలోచిస్తూ చెయ్యెత్తానని చెప్పడంలో సిగ్గేముంది? ఆ మందిరంలో సగంమంది పొయ్యి గురించే ఆలోచిస్తూ ఉంటారు.

ఒక్క ముక్కలో చెప్పమన్నావు. ఒక్క ముక్కలో తేలేదైతే నాకు అన్నేళ్లు జీతమెందుకిస్తారే? మనిషి లోపల ఒక తోడేలు ఉంటుంది, మెడకి గొలుసు ఉంటేనే కుదురుగా ఉంటుంది అన్నారు కొందరు పెద్దలు. కాదు, పుట్టుకతో అందరూ మంచివాళ్లే, మనం కట్టిన కంచెలే చెడగొడతాయన్నారు మరికొందరు. ఇంకో రకంవాళ్లు ఆ రెండూ కొట్టిపారేశారు. మనిషికి ముందే పోసిపెట్టిన అచ్చంటూ లేదు, ఏ పూట ఏం చేస్తే ఆ పూటకి అతను అదే అన్నారు. నేను ఈ చివరి జట్టు. మీ పాస్టరు చెప్పే పుట్టు పాపం మాత్రం నాకు ఏనాడూ మింగుడు పడలేదు. అది వినలేకే కదా నేను మందిరం గడప దిగిపోయింది. పాలు తాగే పసిగుడ్డు ఏం పాపం చేసిందని?

కాబట్టి నా లెక్కలో ఆ వడ్రంగి మళ్లీ చెయ్యవచ్చు, చెయ్యకపోవచ్చు. అది అతని చేతిలోనే ఉంది. క్లాసులో అయితే ఈ జవాబు చాలు. తప్పయితే ఒక మార్కు పోతుంది. నీ ఇంట్లో పోయేది మార్కు కాదు. అందుకని చెప్తున్నా, నా సిద్ధాంతం నమ్మకు. పాస్టరు దగ్గరికి వెళ్లు.

నాకు దగ్గు లేదు. పాత శిష్యులు ఎవరో ఒకరు వస్తూనే ఉంటారు. సాయంత్రాలు ఊపిరి తీసుకునే తీరిక కూడా ఉండదు. నా గురించి దిగులు పెట్టుకోకు.

నీ తమ్ముడు


ముందు గది,
బయట ముసురు

తమ్ముడికి,

వెళ్లానురా. నువ్వు చెప్పినట్టే నిజం చెప్పేద్దామని మందిరం మలుపు దాకా వెళ్లాను. పాస్టరుగారు ఎదురొచ్చారు, ఒక పరుపు చుట్టి భుజాన వేసుకుని. వానకి తడవకుండా దాని మీద తన కోటు కప్పారు. ఆయన మాత్రం తడిసి ముద్దయ్యారు. "మీ ఇంటికే పెద్దమ్మా" అన్నారు. ఇద్దరం కలిసి వెనక్కి వచ్చాం. ఆ పరుపు ఒక చివర నేనే పట్టుకున్నాను.

వడ్రంగి వచ్చి చాలా రోజులైంది. మొదటిరోజు తలుపు తీసి, లోపలికి రమ్మని చెప్పి, నేను వంటింట్లోకి వెళ్లిపోయాను. ఎంతసేపటికీ రాడు. తొంగిచూస్తే వెనక గది ముందు నిలబడి ఉన్నాడు. తలుపు దగ్గరగా వేసి ఉంది, అంతే. తోస్తే తెరుచుకుంటుంది. తొయ్యడు. నేను వెళ్లి తోశాక లోపలికి అడుగుపెట్టాడు. మనిషికి బుర్ర పనిచెయ్యదేమో అనుకున్నాను. తర్వాత తెలిసింది, అన్నేళ్లూ తలుపులు ఎవరో తీస్తేనే వెళ్లాడు కదా, సొంతంగా తియ్యడం మర్చిపోయాడు. తినేటప్పుడు ఎడమ చెయ్యి కంచం చుట్టూ అడ్డం పెట్టుకుంటాడు, ఎవరో లాక్కుంటారన్నట్టు. ఈ ఇంట్లో ఎవరు లాక్కుంటారు? ఉన్నది నేను. నాకు ఆకలే లేదు.

కత్తులన్నీ దాచేశాను. ఎంత బాగా దాచానంటే మళ్లీ నాకే దొరకలేదు. ఆ వారం బంగాళాదుంపలు గుండుగా ఉడకబెట్టి పెట్టాను. రెండురోజులు నోరెత్తకుండా తిన్నాడు. మూడోరోజు అడిగాడు, "ముక్కలు చెయ్యరా అమ్మగారూ?" అని. "గుండుగా తింటేనే పళ్లకి బలం" అన్నాను. మెల్లగా లేచి, పిండి డబ్బా వెనకనుంచి కత్తి తీసి నా చేతికిచ్చాడు, పిడి నావైపు ఉండేలా. అది అక్కడుందని అతనికి మొదటినుంచీ తెలుసు.

ఎదురింటి నర్సు లేదూ, నాకు బీపీ చూస్తుంది, ఆ పిల్ల వాకిట్లోనే నిలదీసింది.

"పెద్దమ్మా, నీకు మతి గానీ పోయిందా? అతను ఎవరో తెలిసే పెట్టుకున్నావా?"

"తెలుసమ్మా."

"భయం లేదూ?"

"ఎందుకు లేదు? ఎలక్కీ భయమే నాకు, ఉరుముకీ భయమే. వరసలో ఇతనొకడు."

"ఎలక సుత్తి పట్టుకోదు" అని విసవిసా వెళ్లిపోయింది.

పసిగుడ్డు ఏం పాపం చేసిందని రాశావు. పసిగుడ్ల సంగతి నీకేం తెలుసురా? నువ్వు ఎత్తుకున్నదెవర్ని? నిన్ను ఎత్తుకున్నది నేను. పళ్లు సరిగా రాకముందే నా భుజం కొరికి నవ్వావు. నేను ఏడుస్తుంటే ఇంకా నవ్వావు. ఆ తర్వాత నా ఏడుపు చూసి నువ్వూ గుక్కపట్టి ఏడ్చావు. అందులో ఏది నీ జట్టు, ఏది పాస్టరుగారి జట్టు, నువ్వే చెప్పు. మనిషి దేవుడి పోలికే గానీ మసిపట్టిన అద్దంలా ఉన్నాడంటారాయన. నాకు ఆ మాట నచ్చింది. మసి అన్నది నాకు తెలిసిన వస్తువు.

నేను బాగానే నిద్రపోతున్నాను. ఎలాగంటావా, ఏదో ఒక ఏర్పాటు చేసుకున్నానులే.

నీ అక్క


నాలుగో అంతస్తు

అక్కా,

భుజం కొరికిన సంగతి నాకు జ్ఞాపకం లేదు కాబట్టి నేరం ఒప్పుకోను. కానీ కొరికి, ఏడ్చి, రెండూ చేసిన ఆ పసివాడి గురించి వారం రోజులుగా ఆలోచిస్తున్నాను. వాణ్ణి ఏ జట్టులో పెట్టాలో తేలలేదు.

వడ్రంగి గురించి ఇంకా రాయి. మాట్లాడతాడా? పని చేస్తున్నాడా? పోయినవాడి ఊసు ఎప్పుడైనా ఎత్తాడా? కత్తి పిడి నీవైపు తిప్పి ఇచ్చాడని రాశావే, ఆ ఒక్క వాక్యం కోసం ఉత్తరం మళ్లీ మళ్లీ తీశాను.

ఏర్పాటు చేసుకున్నానన్నావు. ఏమిటది?

ఎందుకడుగుతున్నానంటే, మా శాస్త్రంలో ఒక పాత మాట ఉంది. రాయి దొంగతనం చెయ్యదు. అంతమాత్రాన రాయిని మంచిదని ఎవరూ మెచ్చుకోరు, చేసే వీలు దానికి లేదు కాబట్టి. మనిషిని మంచివాడనాలంటే అతనికి చెడు చేసే వీలు కూడా ఉండాలి. తలుపు తెరిచి ఉన్నప్పుడు ఏం చేస్తాడో చూస్తేనే అతనెవరో తెలుస్తుంది. ఇది నేను ఏటా చెప్పిన పాఠం. పిల్లలు ఆవలిస్తూ రాసుకునేవాళ్లు.

మా మెట్ల మీద దీపం పోయింది. ఎవరూ మార్చడం లేదు. నేనూ దిగడం లేదు కాబట్టి పెద్ద ఇబ్బంది లేదు.

త్వరగా రాయి. కిందటిసారి చాలా ఆలస్యం చేశావు.

తమ్ముడు


వంటింటి పీట మీద కూర్చుని,
చలి మొదలైంది

తమ్ముడూ,

నీ ఉత్తరం వచ్చి చాలా రోజులైంది. తలుపు తెరిచి ఉన్నప్పుడు అని రాశావు చూడు, ఆ మాట చదివాక జవాబు రాయడానికి నాకు చెయ్యి ఆడలేదు. ఎవరైనా నీకు చెప్పారేమో అనుకున్నాను.

నా ఏర్పాటు ఇది. వెనక గదికి గడియ బయటివైపు ఉంది. బట్టల తానులున్న గది కదా, మీ బావ అలా పెట్టించారు. వడ్రంగి తినేసి పొద్దుగూకగానే గదిలోకి వెళ్లిపోతాడు, జైల్లో అలవాటైన వేళ అది. అతను వెళ్లాక నేను గడియ వేస్తున్నాను. మొదటిరోజు నుంచీ. వేసేటప్పుడు ఆ చప్పుడు వినపడకుండా దగ్గుతాను. తర్వాత నూనె కూడా వేశాను. తెల్లారుతూనే వెళ్లి తీసేస్తాను. అతనికి తెలియదనుకున్నాను.

మొన్న నాకు జ్వరమొచ్చింది. ఒళ్లు తెలియకుండా పడుకున్నాను. లేచేసరికి కిటికీలోంచి ఎండ మంచం మీదికి వచ్చేసింది. పరుగెత్తుకెళ్లి గడియ తీశాను. పక్క మడత పెట్టి, చొక్కా గుండీలన్నీ పెట్టుకుని, మంచం చివర కూర్చుని ఉన్నాడు. ఎప్పటినుంచి అలా కూర్చున్నాడో. ఒక్క కేక వెయ్యలేదు, తలుపు తట్టలేదు.

"పర్లేదమ్మగారూ" అన్నాడు.

నాకు అక్కడికక్కడే భూమిలోకి పోవాలనిపించింది. "నీకు తెలుసా?" అన్నాను.

"తెలుసండీ."

"ఎప్పట్నుంచి?"

"మొదట్నుంచీ. ఆ చప్పుడు తెలియకుండా ఎలా ఉంటుంది?"

"ఇవాళ్టినుంచి వెయ్యను. తప్పయిపోయింది నాయనా."

అప్పుడు లేచి నిలబడ్డాడు. నా ఎదురుగా చేతులు కట్టుకుని, "వెయ్యండమ్మగారూ, మానొద్దు. అది వినకపోతే నాకు నిద్ర పట్టదు. మీరు నూనె వేశాక రెండ్రోజులు కన్ను మూతపడలేదు, గడియ పడిందో లేదో తెలియక" అన్నాడు.

తమాషా చేస్తున్నాడేమో అని ముఖంలోకి చూశాను. తమాషా కాదు.

"ఎవరంటే భయం నీకు?" అన్నాను.

"నేనంటేనే. ఆ రోజు పొద్దున కూడా నేను మామూలుగానే లేచానమ్మగారూ. మొహం కడుక్కున్నాను, తిన్నాను. మధ్యాహ్నానికి అలాంటి పని చేస్తానని నాకు తెలుసా? తెలియనివాణ్ణి ఎలా నమ్మను?"

అప్పటినుంచి అతను అడిగి వేయించుకుంటున్నాడు, నేను వేస్తున్నాను. దగ్గడం మానేశాను.

పాస్టరుగారికి చెప్పేశాను, గడియ సంగతీ, పొరపాటున చెయ్యెత్తిన సంగతీ. కోప్పడతారనుకున్నాను. కోప్పడలేదాయన. "మనిషి పడిపోయాడని నేను ప్రతి వారం చెప్తాను పెద్దమ్మా, పడినవాణ్ణి లేపే చెయ్యి దేవుడిదని కూడా చెప్తాను. ఆ రోజు మా ఇంట్లో ఖాళీ గది ఉంది. ఆ పూట కళ్లు మూసుకోమన్నది నేను చెయ్యెత్తకపోవడం ఎవరూ చూడకూడదనే" అన్నారు. నాకు ఆయన మీద జాలేసింది. వేడి వేడి టీ ఇచ్చాను.

ఇప్పుడు ఆయన వేరే చోటు చూశారు. విడుదలైనవాళ్లను ఉంచే వసతి గృహం. ఎత్తయిన గోడలు. పొద్దు వాలగానే గేటుకీ గదులకీ తాళాలు. వడ్రంగి అది విని తేలిగ్గా ఊపిరి తీసుకున్నాడు. నెలాఖరుకి ఏదో ఒకటి చెప్పాలి. పంపిస్తే చచ్చేదాకా అక్కడే ఉంటాడు, నాకు తెలుసు. ఉంచుకుంటే రోజూ గడియ వేసే పని నాది. గడియ వెయ్యకుండా ఉంచుకునే ధైర్యం నాకు లేదు, అతనికీ లేదు.

నన్ను ఏం చెయ్యమంటావు? ఈసారి మూడు జట్లూ వద్దు. నీ మాట చెప్పు.

అక్క


నాలుగో అంతస్తు

అక్కా,

నాకు తెలియదు.

ఈ మాట రాయడానికి నాలుగు కాగితాలు చింపాను. మనిషి తనని తాను చేసుకుంటాడని అన్నేళ్లు చెప్పాను. నీ మరదలు పోయినప్పటినుంచి నేను చేసుకున్నదేమిటని చూస్తే, తలుపుకి మూడు గడియలు పెట్టించుకున్నాను, లోపలివైపు. దొంగల భయం కాదు. ఎవరైనా వస్తే తీసేలోపు వెళ్లిపోతారని. ఇప్పుడు ఎవరూ రావడం లేదు. శిష్యులు వస్తున్నారని రాశాను. అబద్ధం. ఒకతను వచ్చాడు, నిరుడు. నేను లోపల ఊపిరి బిగబట్టి కూర్చున్నాను. చాలాసేపు తలుపు కొట్టి, మెట్లు దిగిపోయాడు.

కాబట్టి వడ్రంగికి తన మీద ఉన్న భయం గురించి ఉపన్యాసం ఇచ్చే అర్హత నాకు లేదు.

ఒక్క ఆలోచన మాత్రం వచ్చింది. గడియని లోపలివైపుకి మార్చుకోమను. అతను వడ్రంగే కదా. చప్పుడు వినపడుతుంది, నిద్ర పడుతుంది. కావాలంటే తీసుకునే స్వేచ్ఛా ఉంటుంది. నాకైతే ఇది బాగానే ఉందనిపిస్తోంది. కానీ నావి కాగితం మీద ఎప్పుడూ బాగానే ఉంటాయి.

నువ్వు జాగ్రత్త. జ్వరం పూర్తిగా తగ్గిందా?

త.


ముందు గది,
పొద్దున్నే

ఒరేయ్ తమ్ముడూ,

వడ్రంగి వెళ్లలేదు. ముందే చెప్పేస్తున్నాను, లేకపోతే నువ్వు చివరి పేజీ ముందు చదువుతావు. పాస్టరుగారు ఇందాకే వచ్చి, నేను పంపనన్నాక ఒంటరిగా వెనక్కి వెళ్లారు. జరిగింది వరసగా చెప్తాను. జ్వరం తగ్గింది, అదీ చెప్పేశాను.

నీ ఆలోచన అతనికి చెప్పాను. మా తమ్ముడు పెద్ద చదువు చదివినవాడు, ఇలా చెప్పాడు అన్నాను. నవ్వాడు. ఈ ఇంట్లోకి వచ్చాక అతను నవ్వడం అదే మొదలు.

"లోపల పెడితే తీసేదీ నేనే కదమ్మగారూ. బయటినుంచి వచ్చేవాళ్ల భయమైతే లోపలి గడియ మంచిదే. మీ తమ్ముడుగారికి పనికొస్తుంది. నా భయం గదిలోనే ఉంది" అన్నాడు. నీ మూడు గడియల సంగతి నేను చెప్పలేదురా, ఒట్టు. అతను మామూలుగానే అన్నాడు.

అలా ఆ దారి మూసుకుపోయింది. పాస్టరుగారితో వెళ్లడానికి రోజు కూడా అనుకున్నారు. వెళ్లేలోగా నా పాత అలమారకి సొరుగు ఒకటి చేసిస్తానని చెక్క తెచ్చి వాకిట్లో పని పెట్టుకున్నాడు. నిన్న సాయంత్రం దాన్ని బిగిస్తున్నాడు. ఎదురింటి నర్సు డ్యూటీ దిగి వస్తూ ఆగింది. ఆ పిల్ల చెడ్డది కాదు. నాకేమవుతుందోనని ఆ పిల్లకి భయం.

"బాగుంది పెద్దమ్మా, దొంగచేతికి తాళాలిచ్చినట్టు మళ్లీ సుత్తే ఇచ్చావు" అంది.

నేను కళ్లతోనే వద్దన్నాను. వినలేదు. అతనివైపు తిరిగి, "ఆ పోయినతనికి కూడా తల్లి ఉండే ఉంటుందిగా? ఆవిడకి ఎవరు చేసిపెడుతున్నారయ్యా సొరుగులు?" అంది.

అతను లేచాడు. చేతిలో సుత్తి ఉంది. అది పైకి లేచింది. ఆ ముఖం నేను చూశానురా. ఆ ముఖం గురించే నువ్వు అన్నేళ్లు పుస్తకాలు చదివావు, పాస్టరుగారు వాక్యాలు చెప్పారు. నేను చూశాను. తోడేలు లేదు అక్కడ. బావిలో పడ్డవాడు పైకి చూస్తే ఎలా ఉంటుందో అలా ఉంది. నర్సు ఒక చెప్పు వదిలేసి పరుగెత్తింది. సుత్తి దిగింది, సొరుగు మీద. చెక్క నిలువునా చీలిపోయింది.

సుత్తి అక్కడే పెట్టి నా పక్కనుంచి నడిచి గదిలోకి వెళ్లాడు. ఈసారి తలుపు తనే తోసుకున్నాడు. నేలమీద కూర్చుని, చేతులు రెండూ మోకాళ్ల కింద దూర్చుకుని, "గడియ వెయ్యండమ్మగారూ. రేపు పాస్టరుగారితో వెళ్లిపోతాను. ఈ పూటకి వేసేయండి" అన్నాడు.

వచ్చి గడియ మీద చెయ్యి పెట్టాను. వేసేదాన్నే. ఇంకొక్క క్షణం అయితే వేసేదాన్నే. ఇన్నాళ్లూ ఇది వేశాక నేనేం చేశానా అనిపించింది. నా గదికి వెళ్లి గోడవైపు తిరిగి పడుకున్నాను. ఇంట్లో ఇంకో మనిషి ఊపిరి పీలుస్తున్నాడని తెలిసి కూడా, మీ బావ పోయిన మర్నాడు ఎలా పడుకున్నానో అలా పడుకున్నాను. అతనూ అవతల అంతే. మధ్యలో ఒక ఇనప ముక్క.

"ఇందాక ఆ పిల్లని కొట్టకుండా నువ్వు ఎందుకు ఆగావు?" అని అడిగాను.

"ఏమో."

"పొద్దున్నుంచి సాయంత్రందాకా నీకు గడియ ఉందా?"

"లేదు."

"సుత్తి?"

"ఉంది."

"నేనో?"

"మీరూ ఉన్నారు."

"ఇన్ని నెలలు. మరి?"

తల ఎత్తాడు. "అదే నాకూ తెలియట్లేదమ్మగారూ" అన్నాడు.

"నాకూ తెలియదు. మా తమ్ముడికీ తెలియదట, రాశాడు. నువ్వు మంచివాడివని నేను అనడం లేదు. నాకు నువ్వంటే భయమే. కానీ ఈ పూట వెయ్యను" అన్నాను.

"అమ్మగారూ, వద్దు."

"నోర్ముయ్. నా ఇల్లు. నా గడియ" అన్నాను. ఇంత గట్టిగా ఎవర్నీ అనలేదు నా జన్మలో. అనేసి నా గదిలోకి వచ్చి పడ్డాను. నా తలుపు కూడా దగ్గరగా వేశానే గానీ గడియ పెట్టలేదు. ధైర్యంతో కాదు, పెట్టడానికి చేతుల్లో సత్తువ లేదు.

నిద్రపోలేదు. ప్రార్థన చేద్దామనుకున్నాను, మాటలు రాలేదు. నీ గురించి ఆలోచిస్తూ పడుకున్నాను. లోపల ఊపిరి బిగబట్టి కూర్చున్నానని రాశావే, ఆ మాట దగ్గర మొన్న ఎంతసేపు ఆగిపోయానో. అవతల తలుపు కొట్టినతను నీకు చెడు చెయ్యడానికి రాలేదు కదరా. ఏదో అడగడానికో, ఊరికే చూడటానికో వచ్చి ఉంటాడు. నిన్ను ఇక్కడికి రమ్మనను, రావని తెలుసు. అతని చిరునామా నీ దగ్గర ఉందా? అదొక్కటి రాయి.

కిటికీ కాస్త తెల్లబడుతుండగా వెనక గది తలుపు చప్పుడైంది. అడుగులు. మెల్లగా, ఆగి ఆగి. నా గదివైపే వస్తున్నాయి. దుప్పటి నోట్లో కుక్కుకున్నాను. అయిపోయింది, నర్సు చెప్పిందే నిజం, పొద్దున్నే ఆ పిల్లే వచ్చి చూస్తుంది నన్ను అనుకున్నాను. నీకు ఎవరు కబురు చేస్తారా అని కూడా అనుకున్నాను. అడుగులు నా తలుపు దాటి వంటింట్లోకి వెళ్లాయి. కుండ మీద మూత తీసిన చప్పుడు. గ్లాసు. గటగటా తాగాడు. మళ్లీ ముంచుకున్నాడు, మళ్లీ తాగాడు. మూత జాగ్రత్తగా పెట్టి, వచ్చిన దారినే వెళ్లి పడుకున్నాడు. కాసేపటికి గురక వినపడింది.

ఇన్ని నెలలూ నేను గడియ వేసి వచ్చాక ఆ మనిషికి తెల్లారేదాకా దాహమే వెయ్యదనుకున్నానురా తమ్ముడూ.

అక్క